గట్టు వరస పిటిషనరు

ఆదివారం పొద్దున బందరు చేపల మార్కెట్లో చందువాలు బేరం చేస్తున్నాను. కత్తిపీట ముందు కూర్చున్న మనిషి ఉన్నట్టుండి చెయ్యి ఆపి నా మొహంలోకి చూసింది.

"మీరు లాయరమ్మగారు కదండీ? దివిసీమ గట్టు మీదావిడ నీళ్ళ కేసు చూసింది మీరేగా?"

అవునన్నాను.

"ఆవిడ పోయిందండి. మొన్న బుధవారం," అని మళ్ళీ చేప పొలుసు గీకడంలో పడింది.

ఎలా పోయిందని అడగలేదు. నాకు తెలుసు. ఆ కబురు ఎప్పుడో ఒకప్పుడు వస్తుందని కొన్ని నెలలుగా అనుకుంటూనే ఉన్నాను. మార్కెట్లో, చేపలు కడిగిన నీళ్ళలో నిలబడి వింటానని మాత్రం అనుకోలేదు. ఇంటికొచ్చాక చేపల సంచి చేతిలో ఉన్న సంగతి కూడా చాలాసేపు గుర్తు రాలేదు.

ఆమె పేరు ఇక్కడ రాయడం లేదు. హైకోర్టు కాగితాల్లో ఉంది. అక్కడ ఉండటమే ఆమెకు ముఖ్యం.

మొదటిసారి మా ఆఫీసుకి వచ్చినప్పుడు ఆమెకంటే ముందు వాసన వచ్చింది. అప్పటికే పొలం తగాదా మీద వచ్చిన అన్నదమ్ములిద్దరు కూర్చుని ఉన్నారు. వాళ్ళలో పెద్దాయన కండువా అంచు ముక్కుకి అడ్డం పెట్టుకున్నాడు. ఆమె చూసింది.

"కూరలో తినేటప్పుడు ఈ వాసన రాదా బాబుగారూ?" అని అడిగింది. ఆ అడగడంలో కోపం లేదు, నిజంగానే తెలుసుకోవాలన్నట్టుంది. ఆయన కండువా దించేశాడు.

కుర్చీలో కూర్చోవడం కూడా ఆమెదొక తీరు. చెప్పులు కింద వదిలేసి, రెండు కాళ్ళూ పైకి మడిచి, అరుగు మీద కూర్చున్నట్టు బాసింపట్టు వేసుకునేది. గొంతేమో ఏళ్ళ తరబడి వీధుల్లో చేపలు కేకేసి అమ్మిన గొంతు. దాన్ని తగ్గించడం ఆమె వల్ల అయ్యేది కాదు. ఎంత గుట్టుగా చెప్పాలనుకున్నా పక్క ఆఫీసు గుమాస్తా తల బయటికి పెట్టి చూసేవాడు.

మంచినీళ్ళిచ్చాను. గ్లాసు ఎత్తి గడగడా తాగేసి, ఇంకోటి అడిగి అదీ తాగి, పెదాలు తుడుచుకుంది.

"ఇయ్యి ఎక్కడియ్యి?"

"కుళాయివే పిన్నీ. ఫిల్టర్లో పోస్తాం." అప్పటికే నా నోటికి పిన్నీ అని వచ్చేసింది. ఆమె దగ్గర 'మీరూ' 'ఏవండీ' అంటూ దూరంగా ఉండటం కుదిరేది కాదు.

"ఈటి కోసవే వచ్చా," అంది.

వాళ్ళ ఊరు దివిసీమలో, సముద్రానికి దగ్గర. ఇంటింటికీ కుళాయి ఇచ్చే పథకం వచ్చి ఊరంతా గొట్టాలు వేశారు. ఆ గొట్టాలు వీధులన్నీ తిరిగి, రోడ్డు పక్కన కల్వర్టు దాకా వచ్చి ఆగిపోయాయి. కల్వర్టు దాటాక మురుగుకాలువ గట్టు మీద ఒక వరస ఇళ్ళున్నాయి. అన్నీ వేటకి వెళ్ళేవాళ్ళవి, చేపలు అమ్ముకునేవాళ్ళవి. ఊళ్ళోవాళ్ళు వాటిని గట్టు వరస అంటారు. గట్టు పోరంబోకు, ఇళ్ళకి పట్టాలు లేవు, కాబట్టి కుళాయిలు ఇవ్వడం కుదరదని పంచాయతీ చెప్పేసింది.

"కుళాయి ఇస్తే జాగా మాదైపోద్దంట అమ్మా. కరెంటు మీటరు పెట్టినప్పుడు అవలేదు. ఇంటిపన్ను కట్టించుకున్నప్పుడు అవలేదు. మా చేత ఓట్లేయించుకున్నప్పుడూ అవలేదు. మంచినీళ్ళు తాగితేనే అయిద్దంట."

జరిగింది వేరు. గట్టుకి అవతల రొయ్యల చెరువులు తవ్వారు. వాటి ఉప్పునీళ్ళు కాలువలోకి వదిలేస్తుంటే వరసలో అందరూ వాడుకునే బోరు ఉప్పెక్కిపోయింది. ఈమె పక్కిళ్ళ ఆడవాళ్ళను వెంటేసుకుని బందరు కలెక్టరాఫీసుకి వచ్చి అర్జీ పెట్టింది. ఆ చెరువులు సర్పంచి బావమరిదివి. గట్టు పోరంబోకన్న సంగతి పంచాయతీకి ఆ అర్జీ తరవాతే గుర్తొచ్చింది. అదే గట్టు మీద, వరస చివర, చెరువుల కాపలావాడి రేకుల షెడ్డు ఉంది. దానికి మాత్రం కల్వర్టు కిందనుంచి సన్న గొట్టం ఒకటి వెళ్ళింది.

"షెడ్డుకి పట్టా ఉందా పిన్నీ?"

"షెడ్డుకి బావగారున్నాడు."

నేను రాసుకుంటుంటే నా కలం వంకే చూస్తూ చెప్పుకుపోయేది. "మా ఇంట్లో కందిపప్పు ఉడకదు. అదీ రాయి. టీ పెడితే పాలు విరిగిపోతయ్యి. అదీ రాయి. చంటిదానికి ఒళ్ళంతా పొక్కులు, ఆ నీళ్ళు పోసే. అదీ రాయి." ఆ మాట ఆమెకు ఊతపదం. రిట్ పిటిషన్లో పప్పు ఉడకడం గురించి రాయరని ఎంత చెప్పినా వినేది కాదు. చివరికి రాశాను. ఆ పేరా చదివినప్పుడు టైపిస్టు నవ్వింది గాని, ఆ పిటిషన్ మొత్తంలో నాకు ఇప్పటికీ నచ్చేది అదే.

వరసలో ఇంకెవరూ సంతకం పెట్టలేదు. పడవలకి డీజిలు అప్పిచ్చేది ఆ చెరువులాయన మనుషులే, అందుకని భయం. ఆమె ఒక్కతే పిటిషనరు. అయినా చివర కోర్టును ఏమడగాలో రాసేచోట పట్టుబట్టింది.

"నా ఇల్లొకటే కాదు. వరసంతా అని రాయి."

"వాళ్ళు సంతకం పెట్టలేదు కదా పిన్నీ."

"సంతకం పెట్టకపోతే దాహం వెయ్యదా?"

కేసు వేసే ముందు ఆ చోటు నా కళ్ళతో చూద్దామని వెళ్ళాను. కల్వర్టు దగ్గర గొట్టం మూతి పైకి లేచి, బిరడా బిగించి ఉంది. అక్కడ నిలబడితే ఆమె గుమ్మం కనపడుతుంది. ఇంట్లో ఆమె, కొడుకు, కోడలు, అప్పుడప్పుడే నడక నేర్చిన మనవరాలు. కొడుకు వేటకి వెళ్ళాడు. కోడలిది బంటుమిల్లి దగ్గర పుట్టిల్లు. సన్నగా, నవ్వుమొహంతో ఉండే పిల్ల. నాకు నీళ్ళివ్వబోయి, బిందె వంచడంలో కాసిని ఒలకబోసింది.

"నీ బాబు సొమ్మంటే ఒలకబోయడానికి? కళ్ళు నెత్తిమీద పెట్టుకున్నావా?" అని ఈమె అరిచిన అరుపుకి నేను ఉలిక్కిపడ్డాను. చంటిది ఏడుపు మొదలుపెట్టింది. ఆ తిట్లు అక్కడితో ఆగలేదు, పిల్ల పుట్టింటిదాకా వెళ్ళాయి. నాకు ఎటు చూడాలో తెలియలేదు.

తరవాత కోడలు నన్ను రోడ్డు దాకా సాగనంపడానికి వచ్చి, "ఏవనుకోమాకండి. అత్తమ్మ నీళ్ళ దగ్గరే అట్టా అండి. మిగతావాటికి ఏవనదు," అంది. కొంచెం ఆగి, "మా పుట్టింట్లో పంపు వాకిట్లోనే ఉండేదండి," అని కూడా అంది.

వాళ్ళు తాగడానికి నీళ్ళు తెచ్చుకునేది రోడ్డుకి అవతల పాలకేంద్రం పక్కనున్న వీధి కుళాయి నుంచి. తెల్లవారుజామున కాసేపు వస్తాయి. ఆ వేళకే రొయ్యల లారీలు కూడా బయల్దేరతాయి. నేను నిలబడిన ఆ కొద్దిసేపట్లోనే రెండు లారీలు ఆ మలుపులో హారన్ కొట్టకుండా వెళ్ళాయి.

కేసు వేశాక పంచాయతీ ట్యాంకరు మానేసింది. అంతకుముందు ఎండాకాలంలో అప్పుడప్పుడు ఒక ట్యాంకరు పంపేవాళ్ళు. "సంగతి కోర్టులో ఉంది, మేం వేలు పెట్టకూడదు," అన్నారట. దాంతో వరసంతా ఈమె మీద తిరగబడింది. పక్కింటావిడ వీధిలో నిలబడి దుమ్మెత్తిపోసిందని ఈమే వచ్చి చెప్పింది, ఆ తిట్లన్నీ పొల్లుపోకుండా అప్పజెప్పింది కూడా.

"నువ్వేం అన్లేదా పిన్నీ?"

"దాని బిందె ఖాళీగా ఉంది. తిట్టక ఏం చేసిద్ది?"

పంచాయతీ వాళ్ళు మా పిటిషన్‌కి జవాబుగా కౌంటరు వేశారు. పిటిషనరు ఇంటికి నడిచి వెళ్ళగలిగిన దూరంలోనే వీధి కుళాయి ఉంది, ఆమెకు ఏ ఇబ్బందీ లేదు, రాజకీయ కక్షతో కేసు వేసింది అని అందులో ఉంది. తెలుగులో చదివి వినిపించాను. నడిచి వెళ్ళగలిగిన దూరం అన్న ముక్క దగ్గర ఆపించి మళ్ళీ చదివించుకుంది.

"నడిచే ఎళ్తన్నాం. ఎగిరి ఎళ్తన్నామని ఎవరన్నారు?" అని పెద్దగా నవ్వింది. అంత గట్టిగా ఆమె నవ్వడం నేను మళ్ళీ వినలేదు.

వానాకాలం మొదట్లో ఒక రోజు తెల్లవారుతుండగా కోడలు బిందె తీసుకుని రోడ్డు దాటుతుంటే లారీ కొట్టేసింది. అవనిగడ్డ ఆసుపత్రికి తీసుకెళ్తుంటే దారిలోనే పోయింది. నాకు కబురు తెలిసి వెళ్ళేసరికి మధ్యాహ్నమైంది. శవం ఇంకా రాలేదు. గట్టు మీద జనం నిండిపోయి ఉన్నారు. ఈమె గుమ్మంలో కూర్చుంది. ఏడవడం లేదు. కోడలి పుట్టింటివాళ్ళు ఎండలో పడి వచ్చారు, వాళ్ళకి ముందు మంచినీళ్ళివ్వండి అని పక్కిళ్ళవాళ్ళను కేకేస్తోంది. ఇవ్వడానికి ఆ రోజు ఎవరింట్లోనూ నీళ్ళు లేవు. ప్రమాదం జరిగాక ఎవరూ కుళాయి దగ్గరికి వెళ్ళలేదు.

పెద్దదినం అయ్యాక ఆఫీసుకి వచ్చింది. కేసు వెనక్కి తీసుకుంటానంటుందేమో అనుకున్నాను. ఆ రోజు కాళ్ళు పైకి పెట్టుకోలేదు. నేల మీద ఆనించి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని కూర్చుంది.

"కోడలు చచ్చిపోయిన సంగతి కోర్టులో చెప్తావుగా?"

"చెప్పాలి పిన్నీ. ఇంకో అఫిడవిట్ వేద్దాం. వీధి కుళాయికి వెళ్తూనే పోయిందని."

"ఆ రోజు అది పోనంది," అంది. "జొరం తగిలింది నాకు, లేవలేకపోతున్నా అత్తమ్మా అంది. నేను తిట్టాను. కప్పుకున్న దుప్పటి లాగేశాను. బిందె చేతికిచ్చి గెంటాను. అదీ రాయి."

నేను కలం కింద పెట్టేశాను. "అది రాయక్కర్లేదు."

"రాయి."

"అవతలి లాయరు దాన్నే పట్టుకుంటాడు పిన్నీ. అత్తే చంపుకుంది, పంచాయతీకి ఏం సంబంధం అంటాడు. మనకే దెబ్బ."

"పట్టుకోనీ. నేను గెంటానా లేదా? గెంటాను. నడిచే దూరంలో ఉందని రాశారుగా ఆళ్ళు, ఏ ఇబ్బందీ లేదన్నారుగా. నీళ్ళు లేకపోతే అత్త ఎట్టా అయిపోద్దో కూడా జడ్జీగారికి తెలియొద్దా?"

ఎంతసేపు నచ్చజెప్పినా వినలేదు. నేను ఇంగ్లీషులో ఏదో ఒకటి రాసి ఇదే అని చెబితే ఆమెకు తెలియదు. ఆ ఆలోచన నాకూ వచ్చింది, ఆమెకూ వచ్చినట్టుంది. టైపు చేసిన కాగితం మా ఆఫీసు బయట అరుగు మీదున్న డిగ్రీ చదివే అమ్మాయి చేత చదివించుకుని, దుప్పటి సంగతి ఉందని తేల్చుకున్నాకే సంతకం పెట్టింది.

పెద్దదినం నాడే వియ్యాలవారు మనవరాలిని బంటుమిల్లి తీసుకెళ్ళిపోయారు. "మీ ఇంట్లో నీళ్ళొచ్చిన రోజు పంపిస్తాం వదినా," అని వియ్యపురాలు నలుగురిలో అందట. కొడుకు ఆ ఇంట్లో ఉండలేక నిజాంపట్నం బోట్ల మీద పనికి వెళ్ళిపోయాడు. ఈమె ఒక్కతే మిగిలింది. ఆ తరవాత వాయిదా ఎప్పుడని అడిగిన ప్రతిసారీ దాని వెనక ఇంకో ప్రశ్న ఉండేది. పిల్లకి మాటలు వస్తున్నాయట, ఇంకెన్నాళ్ళు పడుతుందమ్మా అనేది.

అలాంటప్పుడే సర్పంచి తరఫున ఒక పెద్దమనిషి రాజీకి వచ్చాడు. నా ఆఫీసులోనే కూర్చున్నారు. తెల్ల చొక్కా, మెత్తటి మాట.

"జరిగినదానికి అందరికీ బాధగానే ఉందమ్మా. నీ ఇంటికి రేపే కుళాయి ఇప్పించే పూచీ నాది. కేసు తీసేసుకో, నీ మనవరాలిని తెచ్చుకో."

మనవరాలి సంగతి కూడా వాళ్ళకు తెలుసు.

"మరి వరసకి?" అంది.

"వాళ్ళెవరూ కేసులో లేరుగా. పైగా నిన్ను నానా మాటలూ అన్నారు."

ఆమె నా వంక తిరిగింది. "ఏం చెయ్యమంటావు అమ్మా?"

తీసుకోమన్నాను. కేసు ఎన్నాళ్ళు నడుస్తుందో, గెలుస్తామో లేదో చెప్పలేను. ఆ వరసలో ఒక్కరు కూడా ఆమె పక్కన నిలబడలేదు. పిల్ల ఒక్కొక్క రోజే దూరమవుతోంది. ఆయన ఎదురుగానే ఈ మాటలన్నీ చెప్పాను.

ఆమె అరచేతుల్లో పొలుసు ఎండి అంటుకుని ఉంటే గోటితో గీక్కుంటూ కూర్చుంది.

"ఆ గట్టు మీద నా ఒక్కదానికే కుళాయి ఉంటే తెల్లారేసరికి అందరూ బిందెలట్టుకుని నా గుమ్మంలో నిలబడతారు. ఎవరికి పొయ్యాలో ఎవరికి పొయ్యకూడదో నేను చెప్పాల. నన్ను తిట్టినదానికి ముందు పోస్తానా, ఎనక పోస్తానా? అప్పుడు నేనే సర్పంచినయిపోతా." లేచి చెప్పులేసుకుంది. "నాకొద్దు బాబూ. దుప్పటి లాగిన చేతులియ్యి. ఈటికి ఇంకో అధికారం ఇయ్యమాకండి."

హైకోర్టులో కేసు చివరికి విచారణకి వచ్చిన రోజు ఆమె నాతో పాటు వచ్చింది. ఉతికిన చీర కట్టుకుని వెనక బెంచీలో కూర్చుంది. పంచాయతీ లాయరు నేను అనుకున్నట్టే ఆ పేరా తీసి చదివాడు. జ్వరంతో ఉన్న కోడలిని పిటిషనరే బలవంతంగా పంపినట్టు తనే ఒప్పుకుంది, ఈ మరణానికి పంచాయతీని బాధ్యుల్ని చేయడం అన్యాయం అన్నాడు. ఇంగ్లీషులోనే అన్నాడు. ఆమెకు ఏ మాట అందిందో తెలియదు.

"అవునండీ, నేనే పంపాను!" అని వెనకనుంచి వినపడింది. ఆ గొంతు ఆ హాల్లో ఎలా మోగి ఉంటుందో చెప్పక్కర్లేదు. అటెండరు పరిగెత్తాడు. జడ్జిగారు చెయ్యెత్తి అటెండర్ని ఆపి, కూర్చోమ్మా అన్నారు తెలుగులో. తరవాత ఆ పేరా తను ఇంకోసారి చదువుకున్నారు. తలెత్తి పంచాయతీ లాయర్ని ఒకటే అడిగారు.

"గట్టు మీద ఆ షెడ్డుకి కుళాయి ఉందా, లేదా?"

కనుక్కుని చెబుతానన్నాడు. అది కనుక్కోవడానికి ఇంకో రెండు వాయిదాలు పట్టాయి.

ఉత్తర్వు మావైపే వచ్చింది. పట్టా లేదన్న ఒక్క కారణంతో తాగే నీరు నిరాకరించకూడదు, కుళాయి ఇచ్చినంత మాత్రాన భూమి మీద హక్కు రాదు, ఆ వరసలో ఉన్న అన్ని ఇళ్ళకీ ఇవ్వాలి అని. ఫోన్లో చెబితే, "వరసంతా అని ఉందా?" అని మాత్రం అడిగింది. ఆ తరవాత కూడా పంచాయతీ కదల్లేదు. అంత దూరం నీళ్ళు ఎక్కవని రాసింది. అధికారులను కోర్టు ధిక్కారం కింద పిలిపిస్తే అప్పుడు ఎక్కాయి.

కుళాయిలు వచ్చిన రోజు వెళ్ళాను. ప్రతి గుమ్మం ముందూ బిందెలు, బకెట్లు, ప్లాస్టిక్ డ్రమ్ములు. పిల్లలు బట్టలతోనే తడుస్తున్నారు. తిట్టిన పక్కింటావిడ తన కుళాయి కింద కూర్చుని తలంటుకుంటోంది. ఈమెతో ఎవరూ ఏమీ అనలేదు, ఈమె కూడా ఎవర్నీ ఏమీ అనలేదు. పొయ్యి మీద కందిపప్పు పెట్టి, అది ఉడికే దాకా నన్ను కదలనివ్వలేదు. ఆ పప్పుతో నాకు అన్నం పెట్టింది. తను తినలేదు. పొద్దున్నే బంటుమిల్లి వెళ్ళాలి, మనసు అక్కడే ఉంది అంది.

మర్నాడు సాయంత్రం బంటుమిల్లి నుంచి తిరిగొస్తూ బందరులో దిగి మా ఆఫీసుకి వచ్చింది. ఒక్కతే వచ్చింది. చేతి సంచిలో కొత్త గౌను మడత విప్పకుండా ఉంది.

"నీళ్ళొచ్చినయ్యి సరే వదినా, పిల్లకి తల్లి రాదుగా అంది," అని చెప్పింది. "తప్పేవుంది? నిజవేగా. పిల్ల ఆవిడ కొంగు పట్టుకుని నా వంక చూసి, ఎవరు ఎవరు అని అడుగుతాంది."

గౌను ఎందుకు ఇవ్వలేదని అడిగాను. పిల్లని చూడగానే పొట్టిదని తెలిసిపోయిందంది. ఆమె మనసులో పిల్ల ఇంకా వెళ్ళిన రోజు ఉన్నంతే ఉంది.

"దీనికేవన్నా రిట్టు ఉందా అమ్మా?"

తండ్రి అడిగితే ఉంటుందని చెప్పాను. కొడుక్కి ఫోన్ చేసింది, నా ముందే. పిల్లని అక్కడే ఉండనీ అమ్మా, అన్నాడు. ఆమె సరే నాన్నా అని ఫోను పెట్టేసి బస్సుకి వెళ్ళిపోయింది.

తరవాత ఏడాది పైగా ఆమె నా దగ్గరికి వేరేవాళ్ళను తీసుకొస్తుండేది. అద్దె ఇల్లని కుళాయి ఇవ్వని ఒక విధవరాలు, ఊరి చివర ఇల్లని గొట్టం ఆపేసిన ఒక కుటుంబం. బస్సులో పక్కన కూర్చున్నవాళ్ళ మాటలు విని పట్టుకొచ్చేది. వాళ్ళు ఏదన్నా దాచబోతే కుర్చీలోంచే గద్దించేది. "మీ తప్పు కూడా చెప్పండి. లాయరమ్మ రాసిద్ది."

తరవాత ఆమె మొహం ఉబ్బడం మొదలైంది. కాళ్ళు వాచాయి. కిడ్నీలు పాడయ్యాయన్నారు. బందరు పెద్దాసుపత్రిలో వారం వారం డయాలసిస్. ఆ ఉప్పునీళ్ళ వల్లేనా అని నేను డాక్టరుని అడిగాను. చాలా కారణాలుంటాయండీ, ఇదే అని చెప్పలేం అన్నాడు. ఆయన్ను తప్పుపట్టను. దాని మీద కేసు వేయలేనని మాత్రం అర్థమైంది.

ఒకసారి ఆసుపత్రి నుంచి నేరుగా మా ఆఫీసుకి వచ్చింది. ఎప్పటి అలవాటు కొద్దీ గ్లాసు నిండా నీళ్ళు తెచ్చి ముందు పెట్టాను. చూసి తల అడ్డంగా ఊపింది. నీళ్ళు తాగకూడదట. రోజు మొత్తానికి చిన్న గ్లాసుడు, అంతకంటే ఎక్కువైతే ఊపిరి ఆడదట.

"నీళ్ళియ్యమని కోర్టు చెప్పింది. తాగొద్దని డాక్టరు చెప్పాడు. ఏ ఆర్డరు పెద్దది అమ్మా?" అంది. నవ్వబోయింది గాని దగ్గు వచ్చింది. నేను గ్లాసు లోపలికి తీసుకెళ్ళి పారబోయబోతే, "పారబొయ్యమాక, ఎవరన్నా తాగుతారు," అని వెనకనుంచి ఆ గొంతుతోనే అరిచింది.

గట్టు మీద ఆమె ఇంకో పని కూడా చేసేదని నాకు ఆమె పోయాకే తెలిసింది. కల్వర్టు దగ్గర వాల్వు ఉంది. వరసకి నీళ్ళు వదిలేది అక్కడే. రోజూ తెల్లవారకముందే వెళ్ళి ఆ వాల్వు పక్కన కూర్చునేదట. పంచాయతీ మనిషి వచ్చి తిప్పేదాకా లేచేది కాదట. రాకపోతే కేకలు పెట్టేదట. డయాలసిస్ రోజుల్లో కూడా.

ఇది చెప్పింది గట్టు వరసవాళ్ళే. ఆమె పోయిన నెలకి ఏడెనిమిది మంది కలిసి నా ఆఫీసుకి వచ్చారు. అంతకుముందు వాళ్ళలో ఒక్కరు కూడా ఆ గుమ్మం ఎక్కలేదు. పక్కింటావిడ కూడా ఉంది. ఇప్పుడు వాల్వు తిప్పడం లేదట. నాలుగు రోజులకోసారి కాసేపు వదులుతున్నారట. అడిగితే మోటారు పాడైందంటున్నారట. షెడ్డుకి మాత్రం రోజూ వస్తున్నాయట. ఆడవాళ్ళు మళ్ళీ రోడ్డు దాటుతున్నారు.

మళ్ళీ కోర్టుకి వెళ్ళొచ్చు, ఉత్తర్వు ఉంది కాబట్టి ఈసారి అంత ఆలస్యం అవదు అని చెప్పాను. అందరి మొహాలూ తేటపడ్డాయి. వకాలత్ కాగితం తీసి బల్ల మీద పెట్టి, మొదటి సంతకం ఎవరిదో చెప్పమన్నాను.

ఎవరూ ముందుకి రాలేదు. ఒకాయన, మాకు పడవ అప్పు ఉందండీ అన్నాడు. ఇంకొకావిడ, మా ఆయన్ని అడిగి చెప్తానంది.

పక్కింటావిడ ఎంతో ఆలోచించి అడిగింది.

"ఆవిడ పేరు మీదే ఏసెయ్యకూడదా అమ్మా?"

చనిపోయినవాళ్ళ పేరు మీద కేసు వేయడానికి లేదని చెప్పాను.

"అట్టాగా," అంది. మిగతావాళ్ళ వంక చూసింది. మళ్ళీ సోమవారం వస్తామని చెప్పి, అందరూ ఒకేసారి లేచారు. ఆ సోమవారం నేను చీకటిపడేదాకా ఆఫీసులోనే ఉన్నాను, వకాలత్ కాగితం బల్ల మీదే ఉంది.